పాస్‌పోర్టు రూలంట!

మీ ఊళ్లో ఫొటో స్టూడియో ఉందా? ఉంటే అందులో ఓ నల్లకోటు కూడా ఉండే ఉంటుంది. అద్దం పక్కన మేకుకు వేలాడుతూ, పైజేబులో ఓ దువ్వెనతో! మా తణుకు స్టూడియోలోనూ ఉండేది. చుట్టుపక్కల ఊళ్లలో ఉద్యోగానికి దరఖాస్తు పెట్టిన కుర్రాళ్లంతా ఏదో ఒకరోజు అందులో దూరినవాళ్లే. అది ఎవరికీ సరిపోయేది కాదు. బక్కపల్చటివాళ్లకి వెనకాల బట్టల క్లిప్పులు పెట్టి బిగించేవాడు స్టూడియో ఆయన. లావుపాటివాళ్లకి గుండీలు వదిలేసి, ‘కదలకండి’ అనేవాడు. ఫొటోలో పడేది ఛాతీ దాకానే కాబట్టి కింద లుంగీ ఉన్నా ఎవరికీ అభ్యంతరం లేదు.

పేరుకి అది ‘పాస్‌పోర్టు సైజు ఫొటో’. కానీ అవి దిగినవాళ్లలో పాస్‌పోర్టు మొహం చూసినవాళ్లు ఎంతమంది? హాల్‌టికెట్‌కి, రేషన్ కార్డుకి, బ్యాంకు పుస్తకానికి... ఇలా ఊరు దాటని పనులకే ఆ ఫొటోలన్నీ. మా అమ్మవీ అంతే. అరవై ఒక్క ఏళ్లొచ్చేదాకా ఆమెకి నిజంగా పాస్‌పోర్టు కోసం ఫొటో దిగే అవసరం రాలేదు.

వచ్చింది, అక్క ఫోన్‌తో.

అక్క డాలస్‌లో ఉంటుంది. మొదటి కాన్పుకి వాళ్ల అత్తగారు వెళ్లారు. రెండోసారి నెల తప్పిందని తెలియగానే అమ్మకి ఫోన్ చేసింది. ‘ఈసారి మాత్రం నువ్వు రావాలమ్మా’ అంది. ‘నేనా? విమానంలోనా? ఒక్కదాన్నా?’ అని అమ్మ మూడుసార్లు మూడు రకాలుగా అడిగింది. ఆ రాత్రంతా నిద్రపోలేదట. తెల్లారేసరికి నాకు ఫోన్ చేసి, ‘కూతురికి పురుడు పొయ్యడానికి కూడా భయపడితే ఇంక నేనెందుకే? ఆ పాస్‌పోర్టు సంగతేదో చూడు’ అంది. వారం తిరక్కుండా హైదరాబాద్‌లో మా ఇంటికొచ్చేసింది, సంచిలో ఆవకాయ సీసాతో, ఆధార్ కార్డు జిరాక్సులతో.

పేపర్లో పనిచేస్తున్నాను కాబట్టి నాకు అన్నీ తెలుసని మా ఇంట్లో ఓ నమ్మకం. ఆ నమ్మకాన్ని నేనెప్పుడూ చెడగొట్టుకోలేదు. ‘ఊరెళ్లక్కర్లేదమ్మా, 2018 నుంచి దేశంలో ఎక్కడైనా దరఖాస్తు పెట్టుకోవచ్చు. ఫొటోలు కూడా అక్కర్లేదు, సేవాకేంద్రంలో వాళ్లే తీస్తారు’ అని ధీమాగా చెప్పాను. అమ్మ అప్పటికే స్టూడియోలో దిగి తెచ్చిన ఆరు ఫొటోల కవరు మళ్లీ సంచిలో పెట్టేసుకుంది, కాస్త నిరాశగానే.

నేను చెప్పిందాంట్లో తప్పులేదు. చెప్పనిది ఒకటుంది. ఏ బట్టలతో వెళ్లాలన్నది!

* * *

అమ్మ చీరల గురించి చెప్పాలి.

నాన్న పోయి ఎనిమిదేళ్లయింది. పెద్దకర్మ రోజున మావయ్య పుట్టింటి చీర తెచ్చాడు. తెల్లటిది, సన్నటి గోధుమరంగు అంచు. అమ్మ ఏమీ మాట్లాడకుండా కట్టుకుంది. ఎవరూ ఆమెని ‘ఇదే కట్టుకోవాలి’ అనలేదు. ‘రంగులు కట్టకూడదు’ అనీ అనలేదు. అనాల్సిన అవసరం రాలేదంతే. నెల మాసికం అయిన మర్నాడు అమ్మ బీరువా తెరిచి రంగు చీరలన్నీ మంచంమీద పేర్చింది. ‘చెరో సగం తీసుకోండే’ అంది అక్కతో, నాతో. నేను ఏడ్చాను. అక్క దెబ్బలాడింది. ‘ఇవాళా రేపూ ఇవన్నీ ఎవరు పట్టించుకుంటున్నారమ్మా?’ అంది. ‘పట్టించుకునేవాళ్లు పట్టించుకుంటారు’ అని అమ్మ బీరువా తలుపేసింది.

అప్పట్నుంచీ లేత గోధుమరంగు, లేత బూడిదరంగు, మీగడరంగు... ఏది కొన్నా తెలుపుకి పక్కింటిదే. పండక్కి మేం ఏ రంగుది తెచ్చినా ‘బాగుంది’ అనేది, మడత విప్పకుండానే మాకే తిరిగిచ్చేది. నాలుగేళ్లు పోట్లాడాం. తర్వాత మేమే మానేశాం. ఇప్పుడు అమ్మని తల్చుకుంటే నాకు తెల్లచీరే గుర్తొస్తుంది. అలా గుర్తొస్తున్నందుకు నామీద నాకే కోపం వస్తుంది.

సేవాకేంద్రానికి కూడా అమ్మ తన చీరల్లోకెల్లా మంచిది కట్టుకుంది. గంజిపెట్టి ఇస్త్రీ చేసిన మీగడరంగు నేత చీర. టోకెన్ నంబరు పడింది, కౌంటర్ దగ్గర కూర్చుంది. కంప్యూటర్ ముందున్న కుర్రాడు ‘కళ్లజోడు తీసేయండమ్మా... కెమెరాకేసి చూడండి’ అని ఓ క్షణం ఆగిపోయాడు. తెర నాకేసి తిప్పాడు. ‘మేడమ్, చీర వెనకాల తెలుపులో కలిసిపోతోంది. ముదురురంగుది ఏదైనా ఉందా?’

నిజమే. తెరమీద అమ్మ ముఖం ఒక్కటే ఉంది. భుజాల్లేవు. మెడ కింద నుంచి మనిషి తెల్లగోడలో కరిగిపోయినట్టుంది. వెనకాల వరసలో జనం. నాకేం తోచక నా నేవీబ్లూ చున్నీ తీసి అమ్మ భుజాలచుట్టూ కప్పాను. ఫొటో పడింది. దానిని చూసి నవ్వాలో ఏడవాలో తెలీలేదు. చలిజ్వరంతో ఆస్పత్రికి తెచ్చిన మనిషిలా ఉంది అమ్మ.

ఆటోలో వస్తుంటే అడిగింది... ‘ఆ బొమ్మ ఎన్నాళ్లుంటుందే?’

‘పదేళ్లమ్మా.’

‘పదేళ్లు ఆ చున్నీతోనే ఉండాలా?’

నేను నవ్వేశాను. అమ్మ నవ్వలేదు. కాసేపయ్యాక, నాతో కాదన్నట్టుగా, ‘గోడలో కలిసిపోయాను’ అంది.

* * *

పోలీసు వెరిఫికేషన్ అయింది. పాస్‌పోర్టు పోస్టులో వచ్చింది. ఆ తర్వాత అమెరికా వీసా. దానికి ఆన్‌లైన్‌లో దరఖాస్తు నింపాలి, దాంతోపాటు ఫొటో కూడా జతచేయాలి. అంటే మళ్లీ స్టూడియో!

ఆ మాట చెప్పగానే అమ్మ వత్తులు చేసుకుంటున్నదల్లా ఆగింది. ‘ఈసారి చున్నీ కప్పుకోను’ అంది.

‘సరే, ఏం కప్పుకుంటావు?’

‘ముదురురంగు ఉండాలన్నాడుగా ఆ అబ్బాయి...’ వత్తిని మరో రెండుసార్లు నలిపింది. ‘ఆ మంగళగిరి చీర నీ దగ్గరుందా?’

ఉంది. అమ్మ పంచిపెట్టిన చీరల్లో నా వాటాకి వచ్చింది. సీసా ఆకుపచ్చ, జరీ నిజాం అంచు. నాన్న చివరి సంవత్సరం వాళ్లిద్దరూ మంగళగిరి పానకాలస్వామి గుడికి వెళ్లినప్పుడు కొన్నది. స్వామి నోట్లో పానకం పోస్తే సగం తాగి సగం ప్రసాదంగా వదిలేస్తాడని కదా నమ్మకం. నాన్న ఆ ముచ్చట చెప్పినప్పుడల్లా ‘స్వామి సగమే పుచ్చుకున్నాడు. మీ అమ్మ మాత్రం నా జేబంతా పుచ్చేసుకుంది’ అనేవాడు. ఫాల్ కుట్టించింది. జాకెట్టు కుట్టించింది. సంక్రాంతికి కడదామనుకుంది. సంక్రాంతికి నాన్న లేడు.

ఆ చీర ఎనిమిదేళ్లుగా నా బీరువాలో అడుగున ఉంది. నేనూ కట్టలేదు. కట్టబుద్ధి కాలేదు. అమ్మకి ఆ సంగతి తెలుసో లేదో, ‘కట్టేసి పాడుచేసి ఉంటావు’ అంది పైకి. నేను వెళ్లి తెచ్చి ఒళ్లో పెట్టాను. మడతమీద మడత అలాగే ఉంది. అమ్మ అంచు పట్టుకుని చూసింది. ‘ఇది ముదురేనంటావా?’ అని అడిగింది.

‘ముదురేనమ్మా.’

‘రూలు కాబట్టి గానీ...’ అంది.

‘అవును, రూలు’ అన్నాను.

* * *

ఆ రాత్రి అమ్మ పడుకున్నాక దరఖాస్తు నింపుతూ ఫొటో నిబంధనలు చదవడానికి కూర్చున్నాను. ఒకటి వెతకబోతే పది చదవడం మా వృత్తి రోగం. చదివేకొద్దీ భలే విషయాలు తెలిశాయి.

అసలు పాస్‌పోర్టుమీద ఫొటో అనేదే వందేళ్లనాటి ముచ్చట. అంతకుముందు మనిషి ఎత్తు, కళ్ల రంగు, ముక్కు తీరు ఇవన్నీ మాటల్లో రాసి ఇచ్చేవారట. మొదటి ప్రపంచయుద్ధం రాగానే కార్ల్ హాన్స్ లోడీ అనే జర్మనీ గూఢచారి ఓ అమెరికన్ పేరుతో, అమెరికా పాస్‌పోర్టు చేతబట్టుకుని బ్రిటన్‌లో తిరిగాడు. దొరికిపోయాక 1914 నవంబరులో లండన్ టవర్‌లో కాల్చి చంపారు. ఆ ఏడాది చివర్లో అమెరికా తన పాస్‌పోర్టులకి ఫొటో తప్పనిసరి చేసింది. మరుసటేడు బ్రిటన్ కూడా. అయితే అప్పట్లో మరీ పట్టింపులేవీ లేవు. టోపీ పెట్టుకుని దిగినా చెల్లింది. భార్యాపిల్లలతో కలిసి దిగినా చెల్లింది!

తర్వాత్తర్వాత పట్టు బిగిసింది. విమానాశ్రయాల్లో మనిషి బదులు యంత్రం మన ముఖాన్ని చదవడం మొదలుపెట్టాక నవ్వుకి కూడా గండం వచ్చింది. పళ్లు కనిపించేలా నవ్వితే పెదాలు సాగుతాయి, బుగ్గలు లేస్తాయి, కళ్లు ముడుచుకుంటాయి. యంత్రం లెక్క తప్పుతుంది. అందుకే ‘ఏ భావమూ లేని ముఖం’ పెట్టమంటారు. మన దేశంలోనూ 2024 నుంచి చిప్ పెట్టిన ఇ-పాస్‌పోర్టులు రావడం మొదలైంది. ముఖం ఇప్పుడు చిప్‌లో కూడా ఉంటుందన్నమాట.

అమెరికా వీసా ఫొటోకైతే కొలతలు మరీ కచ్చితం. 2 అంగుళాల పొడవు, 2 అంగుళాల వెడల్పు. మన స్టూడియోల్లో తీసే మామూలు పాస్‌పోర్టు సైజు పనికిరాదు. గడ్డం కింద నుంచి నడినెత్తి దాకా తల 25 నుంచి 35 మిల్లీమీటర్ల మధ్య ఉండాలి. వెనకాల తెలుపు లేదా తెలుపులాంటి రంగు. ఫొటో తీసి ఆరునెలలు దాటకూడదు. 2016 నవంబరు 1 నుంచి కళ్లజోడు కూడా కుదరదు. టోపీలూ తలమీద ముసుగులూ పనికిరావు. మతాచారంగా రోజూ ధరించేవాళ్లకి మాత్రం మినహాయింపు, అదీ ముఖం మొత్తం కనబడేలా ఉంటేనే. యూనిఫాంలు వద్దు. చెవిలో ఇయర్‌ఫోన్లు వద్దు. కంప్యూటర్లో ముఖానికి మెరుగులు దిద్దడం అసలే వద్దు.

చిన్నపిల్లలకీ తప్పదు ఈ తంటా. మన పాస్‌పోర్టుకి నాలుగేళ్లలోపు పిల్లలకి ఫొటో మనమే తీసుకెళ్లాలి, తెల్లటి బ్యాక్‌గ్రౌండ్‌తో, 4.5 సెంటీమీటర్లు × 3.5 సెంటీమీటర్లు. నెలల పిల్లాడు తెల్లదుప్పటి మీద కళ్లు తెరిచి, నోరు మూసి, కెమెరాకేసి చూసే ఆ ఒక్క క్షణం కోసం ఎంతమంది నాన్నలు గిలక ఊపుతూ నించున్నారో!

ఇవన్నీ చదువుతూ నాకు కావలసిన చోటికి వచ్చాను. బట్టల సంగతి. అమెరికా విదేశాంగశాఖ చెప్పేది ఒకే ఒక్క మాట. మామూలుగా రోజూ వేసుకునే బట్టల్లో ఫొటో దిగాలి. అంతే. రంగు గురించి ఒక్క ముక్క లేదు. ముదురు అనిగానీ లేత అనిగానీ లేదు.

మళ్లీ చదివాను. లేదు. ముదురురంగు వేసుకుంటే మంచిదనేది స్టూడియోవాళ్ల మాట, కౌంటర్లో కుర్రాడి సలహా. తెల్లగోడ ముందు భుజాలు విడిగా తెలియాలని. మంచి సలహానే. కానీ రూలు కాదు. రూలు ప్రకారం చూస్తే రోజూ కట్టేదే కట్టుకోవాలి. అమ్మ రోజూ కట్టేది ఏది? లేతరంగే!

పక్కగదిలోకి వెళ్లి చూశాను. అమ్మ నిద్రపోతోంది. రేపటి కోసం చీర కుర్చీమీద వేసి ఉంది. మడత గీతలు పోవాలని సాయంత్రం తనే ఇస్త్రీ చేసింది. జాకెట్టు పట్టదేమోనని కుట్లు విప్పి కొంచెం వదులు చేసుకుంది. ఎనిమిదేళ్లు మేమిద్దరం పోట్లాడి సాధించలేనిది, పేరు కూడా తెలియని ఓ కుర్రాడి మాట సాధించింది. ఎందుకంటే మేం అడిగినప్పుడు అది మా ముచ్చట. ఆయన చెబితే అది రూలు. రూలుకి ఎవరూ వంక పెట్టరు. మామ్మ పెట్టదు, వీధిలోవాళ్లు పెట్టరు, అన్నిటికంటే ముందు అమ్మకి అమ్మే వంక పెట్టుకోదు.

అబద్ధం ఆడకూడదని మాకు నేర్పింది అమ్మే. లేపి చెప్పాలా? ‘అమ్మా, నీ మీగడరంగు చీరకి ఎవరికీ అభ్యంతరం లేదట’ అనాలా?

లైటార్పేసి వచ్చి పడుకున్నాను.

* * *

మా వీధి చివర స్టూడియోలో కూడా నల్లకోటు ఉంది, మేకుకే ఉంది. అద్దం అంచునిండా బొట్టుబిళ్లలు. ఫొటో దిగడానికి వచ్చినవాళ్లు ఒకటి తీసి ఒకటి పెట్టుకుని, పాతది అక్కడ అంటించి వెళ్లిపోతారు కదా. ఎర్రవి, మెరూన్‌వి, రాళ్లవి. అమ్మ తల దువ్వుకుంటూ కాసేపు వాటికేసి చూసింది. నేను ఊపిరి బిగబట్టాను. ‘పద’ అంది, దువ్వెన నా చేతికిచ్చి. బొట్టుకి రూలేమీ లేదు మరి.

స్టూలుమీద కూర్చుంది. ముక్కుమీద కళ్లజోడు మచ్చలు రెండూ చేత్తో రుద్దుకుంది. పవిట భుజంమీద సర్దుకుంది. ఆ సర్దుకోవడం నాకు గుర్తుంది. చిన్నప్పుడు మమ్మల్ని సినిమాకి తీసుకెళ్లేముందు అద్దంలో చూసుకుంటూ అలాగే సర్దుకునేది. ‘నవ్వకూడదమ్మా’ అన్నాడు స్టూడియో అబ్బాయి. ‘నవ్వట్లేదు బాబూ’ అంది అమ్మ. ‘లేదమ్మా, కొంచెం నవ్వుతున్నారు’ అన్నాడు. మూడుసార్లు తీయాల్సి వచ్చింది.

కంప్యూటర్లో ఫొటో పెద్దది చేశాడు. అలవాటు చొప్పున, ‘ముఖం కొంచెం తెల్లగా చేసి, ఈ కళ్లకింద ముడతలు తీసేస్తా మేడమ్’ అన్నాడు. నేను వద్దనేలోపే అమ్మ అందుకుంది. ‘వద్దు నాయనా. అవి తీసేస్తే అక్కడ దిగాక ఈవిడ ఎవరో అంటారు.’

తెరమీద చూశాను. తెల్లటి గోడముందు ఆకుపచ్చటి భుజాలు, వాటిమీద జరీ గీత, పైన అమ్మ ముఖం. ఈసారి గోడ గోడే, అమ్మ అమ్మే. ఆ ముఖంలో ఏ భావమూ లేదని యంత్రాలు అనుకుంటాయి కాబోలు. నాకలా అనిపించలేదు.

ఇంటికెళ్లగానే మార్చేసుకుంటుందనుకున్నాను. దారిలో కూరల బండి దగ్గర ఆగింది. వంకాయలు ఏరింది, బేరమాడింది. అపార్ట్‌మెంట్ గేటు దగ్గర రెండో అంతస్తు ఆవిడ ఎదురైంది. ‘ఎక్కడికో వెళ్లొచ్చినట్టున్నారు పిన్నిగారూ, చీర బాగుంది’ అంది. అమ్మ ఒక్క క్షణం తడబడింది.

‘పాస్‌పోర్టు రూలంటమ్మా... ముదురురంగు కట్టాలంట’ అంది.

‘అవునండీ, మా అత్తయ్యగారికీ అదే చెప్పారు’ అందావిడ. అంతే! ఆకాశం విరిగి పడలేదు. ఆవిడ లిఫ్టెక్కింది, మేం మెట్లెక్కాం. ఆ సాయంత్రం మా అత్తగారు ఫోన్ చేస్తే ఆవిడకీ అమ్మే చెప్పింది. రాత్రి ఊరినుంచి మామ్మ చేస్తే ఆవిడకీ చెప్పింది. ‘రూలంటే తప్పదు కదే’ అని మామ్మ అన్నదట. ప్రతిసారీ అదే మాట, కానీ గొంతులో తడబాటు తగ్గుతూ వచ్చింది. రాత్రి పడుకోబోయేముందు చీర మార్చుకుంది. మడతపెట్టి నాకివ్వలేదు, తన సంచిలో పెట్టుకుంది.

* * *

వేలిముద్రలివ్వడానికి వెళ్లినరోజు మళ్లీ అదే చీర. ‘అక్కడా ఫొటో తీస్తారటగా’ అంది. నానక్‌రామ్‌గూడ కాన్సులేట్‌లో ఇంటర్వ్యూ రోజున అడక్కుండానే కట్టుకుంది. ‘ఎదురుగా మనిషిని పెట్టుకుని ఫొటోతో పోల్చి చూస్తారంట. ఫొటోలో ఉన్నట్టే ఉండాలి కదా?’ అంది, నాకేసి చూడకుండా కుచ్చిళ్లు సర్దుకుంటూ.

‘ఉండాలమ్మా’ అన్నాను.

వీసా వచ్చింది. ఆర్నెల్ల తర్వాత శంషాబాద్ విమానాశ్రయంలో తోపుడుబండి పట్టుకుని, మెడలో పాస్‌పోర్టు సంచి వేసుకుని, ఆకుపచ్చ చీరలో లోపలికి వెళ్తూ ఒక్కసారి వెనక్కి తిరిగింది. పాస్‌పోర్టులో బొమ్మకీ ఆ మనిషికీ ఏ పోలికా లేదు. గేటు దగ్గరున్నాయన బొమ్మనీ మనిషినీ రెండుసార్లు చూసి పంపించాడు.

అక్కకి ఆడపిల్ల పుట్టింది. పదిహేనో రోజున వీడియోలో మాట్లాడుతుంటే అమ్మ వెనకాల నడుచుకుంటూ వెళ్లింది. వంగపండు రంగు చీర! అప్పట్లో అక్క వాటాకి వెళ్లిన చీరల్లోది. నేను నోరు తెరిచి చూస్తుంటే అక్క గొంతు తగ్గించి, ‘నీకో సంగతి చెప్పనా?’ అంది.

అమ్మ స్టూడియోకి వెళ్లడానికి ముందే, అదీ నేను నిబంధనలు చదవకముందే, అక్కకి ఫోన్ చేసిందట. ‘మీ అమెరికావాళ్ల ఫొటోకి తెల్లచీర పనికిరాదా?’ అని అడిగిందట. అక్క ఉన్నదున్నట్టు చెప్పిందట... ‘ఏ రంగైనా ఫర్వాలేదమ్మా, రోజూ కట్టేది కట్టుకుంటే చాలు’ అని. అమ్మ ‘సరే’ అని పెట్టేసిందట.

అంటే, చీర నా దగ్గరుందా అని అడిగిననాటికే అమ్మకి తెలుసు. ‘రూలు కాబట్టి గానీ’ అన్నప్పుడూ తెలుసు. లేపి చెప్పాలా వద్దా అని నేను చీకట్లో మథనపడుతున్నప్పుడు, పక్కగదిలో హాయిగా నిద్రపోయిన మనిషికి నాకంటే ముందే అంతా తెలుసు!

నాకు తెలిసిపోయిందని అమ్మతో నేను అనలేదు. అననుకూడా. అమ్మ వచ్చే నెల తిరిగొస్తుంది. వచ్చాక ఊరెళ్తుంది. అక్కడ వాకిట్లో, గుళ్లో, పెళ్లిళ్లలో ఏం కట్టుకుంటుందో నాకు తెలీదు. పాత చీరలే మళ్లీ తీస్తుందేమో. అది ఆమె ఇష్టం. అడిగి విసిగించకూడదని మాత్రం నేనూ అక్కా అనుకున్నాం.

కానీ ఆరోజు వీడియోలో మాత్రం ఉండబట్టలేకపోయాను. ‘అదేంటమ్మా, ఈ రంగు?’ అన్నాను.

అమ్మ ఆగింది. భుజంమీద పసిదాన్ని సర్దుకుంది. ఈసారి ఎవరూ నవ్వొద్దనలేదు కాబట్టి పళ్లన్నీ కనిపించేలా నవ్వింది.

‘ఇక్కడ రూలంటే!’ అంది.